గుర్రాల పాట ఎవరిది

నాకు కుదురు లేదని మా ఇంట్లో అందరికీ ఫిర్యాదే. పెళ్లికి వెళ్తే కుర్చీలో కూర్చోలేను. బస్సులో సీటు దొరికినా కాసేపటికి లేచి నిలబడతాను. తాలింపు వేసి వీధి గుమ్మం దాకా వెళ్లొస్తాను, ఈలోపు ఆవాలు మాడిపోతాయి. మా ఆయన దీన్ని కాలుగాలిన పిల్లి వ్యవహారం అంటాడు. మా అమ్మ మాత్రం బతికున్నన్నాళ్లూ ఒకటే మాట అనేది: "ఏటి సేత్తాం, అంతా దాని నాన్న పోలికే." అది తిట్టో మెచ్చుకోలో నాకు చాలాకాలం అర్థం కాలేదు.

మా నాన్న విశాఖపట్నం వన్‌టౌన్‌లో ఒక సినిమా హాల్లో ఆపరేటరు. అంటే పైన కేబిన్ అనే ఇరుకు గదిలో, రెండు ప్రొజెక్టర్ల మధ్య నిలబడి బొమ్మ ఆడించే మనిషి. మేముండేది ఆ హాలు వెనకే, తెర ఉన్న గోడకి ఆనించి కట్టిన రెండు గదుల్లో. ఇల్లు హాలు యజమానిది. నాన్న కేబిన్‌లో ఉన్నంతకాలమే మేం అందులో ఉండొచ్చు, అది పోతే ఇదీ పోతుంది. ఈ సంగతి అమ్మ నాకూ తమ్ముడికీ రోజూ అన్నంలో కలిపి పెట్టేది. పోర్టు వైపునుంచి ఎర్ర దుమ్ము వచ్చి ఆరేసిన బట్టల మీద పడుతున్నా, వానాకాలం గోడలు చెమర్చినా, ఆ ఇంటి గురించి ఒక్క మాట అననిచ్చేది కాదు.

గోడకి అవతల తెర, తెర వెనక స్పీకర్లు. అందుకని నేను సినిమాలు చూడటం కంటే ముందు వినడం నేర్చుకున్నాను. బొమ్మ బాగా ఆడితే నెలల తరబడి అదే ఏడుపు, అదే నవ్వు, అదే కొట్లాట. హీరో తల్లి ప్రాణం పోయే సీను వినపడగానే అమ్మ పొయ్యి మీద అన్నం దించేది. గడియారం చూసే పనే లేదు. నేను పుస్తకం ముందు కూర్చుంటే విలన్ నవ్వు వచ్చేదాకా ఒక లెక్క, ఆ తర్వాత ఇంకో లెక్క. పరీక్ష హాల్లో అంత నిశ్శబ్దంగా ఉండేసరికి నాకు ఊపిరాడేది కాదు.

నాన్నది ఇంకా కష్టం. రీలు ఎక్కించాక అది అయ్యేదాకా పెద్ద పనేమీ ఉండదు, అలాగని కదలడానికీ లేదు. ప్రొజెక్టరులో కార్బన్ కడ్డీల మధ్య మండే వెలుగు సరిగ్గా ఉందో లేదో చూసుకుంటూ కాపలా కాయాలి. చేతులు మాట వినేవి గానీ కాళ్లు వినేవి కావు. పైన అడుగుల చప్పుడు బాల్కనీవాళ్లకి వినపడుతోందని మేనేజరు కసిరితే, నాన్న చెప్పులు విప్పేసి, గోనెసంచి పరుచుకుని, దాని మీద కాళ్లాడించుకునేవాడు. ఆనందపురం అవతల వ్యవసాయం చేసుకునే కుటుంబం ఆయనది. పెళ్లికి ముందు ఊళ్లో తప్పెటగుళ్ల జట్టులో ఉండేవాడట. గుండెలకి గుండ్రటి రేకు డప్పు కట్టుకుని, రెండు చేతులా వాయిస్తూ ఎగిరే ఆట అది. పట్నం వచ్చి ఉద్యోగస్తుడినయ్యాక అదంతా ఊళ్లోనే వదిలేశానని మాకు చెప్పేవాడు. ఆయన ఎగరగా నేనెప్పుడూ చూడలేదు కాబట్టి నమ్మాను.

స్టీల్ ప్లాంటు ఇంకా కడుతున్న రోజులవి. మా మావయ్య పోర్టులో కళాసీ. ఏదో ఓడవాళ్లు వదిలేసి పోయిన టేప్‌రికార్డరు ఒకటి తెచ్చి మా గుమ్మంలో పెట్టాడు. రెండు క్యాసెట్లు పట్టే రకం. ఒక అరకి మూతే లేదు.

"బావా, ఇది పాడదు, పలకదు. నీ సేతిలో పడితే ఏటైనా బతుకుద్దేమో సూడు," అన్నాడు.

నాన్న చేతిలో అది బతికింది. దాంతోపాటు మా ఇంట్లో శాంతి పోయింది.

ఎందుకంటే, వీడియోలు వచ్చి హాళ్లవాళ్లకి కంటిమీద కునుకు లేకుండా చేస్తున్న కాలం అది. సందుకో టీవీ పెట్టి కొత్త బొమ్మలు వేసేస్తున్నారు. మా యజమానికి క్యాసెట్టు అన్న మాట వింటేనే ఒళ్లు మండేది. కేబిన్‌లోకి అలాంటి యంత్రం ఏది తెచ్చినా, తెచ్చినవాడు మర్నాటినుంచి పనిలోకి రానక్కర్లేదని అందర్నీ నిలబెట్టి చెప్పాడు. నాన్న ముందు వరసలోనే నిలబడి బుద్ధిగా తలూపాడట. ఆ తర్వాత ఆదివారమే టేప్‌రికార్డరుని కార్బన్ కడ్డీల పెట్టెలో పెట్టుకుని మెట్లెక్కాడు. యాంప్లిఫయర్ నుంచి ఒక తీగ లాగి, బొమ్మలో ఉన్న చప్పుళ్లన్నీ పట్టుకొచ్చాడు.

పాటలు కాదు. పాటలు బజార్లో దొరుకుతాయి. నాన్నకి కావలసింది పాటలు కానివి. గుర్రాల డెక్కలు, కొరడా, ఉరుము, రైలు కూత, కొట్లాటలో డోలు, విలన్ నవ్వు, హీరోయిన్ కేక, కమెడియన్ తుమ్ము. ఇన్నేళ్లుగా పైన ఒక్కడే నిలబడి విన్నవి. జనం కథ చూస్తుంటే ఈయన వీటికోసం ఎదురుచూసేవాడన్నమాట.

పొద్దున్న హాలు తెరవకముందు, మా వసారాలో కూర్చుని వాటిని అతికేవాడు. ఒక అరలో హాల్లో పట్టుకొచ్చిన క్యాసెట్టు, రెండో అరలో ఖాళీది. ఇటు ప్లే, అటు రికార్డు, పాజ్ మీద వేలు. డోలు దెబ్బ రాగానే వేలు వదలడం, ముక్క అవ్వగానే నొక్కడం. మళ్లీ వెనక్కి తిప్పి మళ్లీ అదే ముక్క, దండ గుచ్చినట్టు ఒకదాని పక్కన ఒకటి. తర్వాత గుర్రాలు. డెక్కల చప్పుడుని ఆయన ఎక్కడ కోసేవాడంటే, అవి ముందుకి పరిగెత్తుతున్నట్టు కాకుండా ఉన్నచోటే ఎగురుతున్నట్టు వినపడేవి. మధ్యలో కొరడా. విలన్ సగం నవ్వి ఆగిపోతే మిగతా సగం డోలు నవ్వేది. ఒక్క తుమ్ము సరిగ్గా పడలేదని మూడు రోజులు మాతో మాట్లాడకుండా తిరిగాడు.

అమ్మ బియ్యం ఏరుతూ విసుక్కునేది. "ఏటయ్యా ఆ గుర్రాలు, సచ్చిపోతన్నాయి, ఆటిని కాసేపు ఆగనియ్యి. అడుసు తొక్కడమెందుకు, కాలు కడగడమెందుకు? ఎవరి సెవినైనా పడితే మనం ఈది మీద ఉంటాం."

"నా కోసమే గదే సేసుకుంతన్నాను. ఎవరికి సెప్తన్నాను?"

అది అబద్ధమని ఆయనకీ తెలుసు, నాకూ తెలుసు. తన కోసమే చేసుకునేవాడు అది పూర్తయినరోజు కూతుర్ని కాలేజీకి పోనివ్వకుండా కూర్చోబెట్టి వినిపించడు. నేను కూర్చోలేదు. డోలు మొదలయ్యేసరికి లేచాను. కక్కొచ్చినా కళ్యాణమొచ్చినా ఆగదంటారే, అలా వచ్చింది నాకు ఆట. నాన్న గోడకానుకుని నన్నే చూస్తున్నాడు. ఆ మొహంలో అంత సంతోషం నేనెప్పుడూ చూసి ఎరగను.

ఆ టేపు మొదట్లోనే ఒక తప్పుంది. మా ఊళ్లో అప్పట్లో ప్రతి హాలుకీ తెర లేచేటప్పుడు వేసే రికార్డు ఒకటి ఉండేది. దీపాలు ఒక్కొక్కటీ ఆరుతుంటే, కుచ్చిళ్ల తెర మీద ఎర్రవి, నీలంవి రంగులు తిరుగుతుంటే, ఆ రికార్డు మోగేది. ఒక హాలుది గిటారు, ఒక హాలుది పియానో, మాది క్లారినెట్టూ చిరుగంటలూ. ఏ హాలు పాట ఆ హాలుదే. కళ్లకి గంతలు కట్టి కూర్చోబెట్టినా, ఆ పాట విని ఏ హాల్లో ఉన్నదీ చెప్పని మనిషి విశాఖపట్నంలో ఉండేవాడు కాదు. నాన్న తన టేపుని ఆ క్లారినెట్టుతో మొదలుపెట్టాడు. దొంగతనం చేసి గోడమీద ఇంటిపేరు రాసిపెట్టి వచ్చినట్టే. కానీ ఆయనకి అది తట్టలేదు, అమ్మకి తట్టలేదు, నాకూ తట్టలేదు. తెర లేవకుండా బొమ్మ ఎలా మొదలవుతుంది? మా ముగ్గురికీ అది అన్నం ముందు ఆకు వేసినంత మామూలు సంగతి.

కేబిన్‌లో నాన్నకి అసిస్టెంటు ఒకాయన ఉండేవాడు. చుట్టం కాదు గానీ నాన్నని బావ అనే పిలిచేవాడు. మా వైపు మగవాళ్లు ఇద్దరు కలిస్తే బావలైపోతారు కదా. కొత్తగా పెళ్లయింది. ఆయన మరదలి పెళ్లికి మైకుసెట్టులో వేసుకుంటానని బతిమాలి ఆ క్యాసెట్టు పట్టుకెళ్లాడు. నాన్న రెండుసార్లు వద్దన్నాడు, మూడోసారి అడగకముందే ఇచ్చేశాడు. పెళ్లిలో అది మొదలైతే భోజనాలు ఆగిపోయాయట. ముసలివాళ్లు కూడా తప్పెటగుళ్లు ఆడినట్టు గుండెలు చరుచుకుంటూ ఎగిరారట. మైకుసెట్టువాడు ఒక నకలు తీసుకున్నాడు. వాడి దగ్గర మద్దిలపాలెం డిపో ఎదురుగా ఉన్న క్యాసెట్ల షాపువాడు తీసుకున్నాడు. ఇక దాన్ని ఆపడం ఎవరి తరం?

పేరు లేని పాటకి జనమే పేరు పెట్టారు, గుర్రాల పాట అని. ఆటోల్లో గుర్రాలు. టీ బడ్డీల దగ్గర గుర్రాలు. దువ్వాడ వైపు స్టీల్ ప్లాంటు కూలీల రేకుల షెడ్లలో గుర్రాలు. అమ్మవారి పండగల్లో రికార్డింగ్ డాన్సులవాళ్లు అది లేకుండా స్టేజీ ఎక్కడం మానేశారు. నేను కాలేజీకి వెళ్లే దారిలో అది వినపడని మలుపు ఉండేది కాదు. విన్నప్పుడల్లా నాకు రెండు జరిగేవి. కాళ్లు ఊగేవి, ఎవరైనా గుర్తుపట్టారేమోనని చుట్టూ చూసేదాన్ని. అది మా నాన్న చేశాడని గట్టిగా అరవాలనిపించేది. అరిస్తే రేపు మేం ఎక్కడ పడుకుంటామో తెలియదు.

చేసిందెవరన్న మాట మీద ఊళ్లో పందేలే నడిచాయి. మొదట్లో మోగే క్లారినెట్టు మా హాలుదేనని గుర్తుపట్టినా, ఒక ఆపరేటరు చేసి ఉంటాడని ఎవరికీ తట్టలేదు. మద్రాసు స్టూడియోలో చేశారన్నారు. కాదు బొంబాయి అన్నారు. మద్దిలపాలెంలో ఒక కాలేజీ కుర్రాడైతే నాదేనని చెప్పుకుని తిరిగాడు. నాన్న తేలు కుట్టిన దొంగలా అన్నీ వినేవాడు. ఒకసారి ఇద్దరం బస్సులో వెళ్తుంటే డ్రైవరు ఆ టేపు పెట్టాడు. నాన్న కాసేపు కిటికీలోంచి బయటికి చూశాడు. ఇక ఉండబట్టలేక పక్కాయనతో అన్నాడు:

"రైలు కూత అయ్యాక డోలు కొంచెం ఎనకబడింది సూడండి. అక్కడ సరిగా కుదర్లేదు."

పక్కాయన నాన్న చొక్కా మీదున్న ఆయిలు మరకలన్నీ చూసి, "నీకేటి తెలుసయ్యా? అది బొంబాయోళ్లు సేసింది. ఆళ్లకి తెలీదా?" అన్నాడు.

నాన్న మా స్టాపు రాకముందే దిగిపోయాడు. నేను వెనక పరిగెత్తాను. నాకు ఆ పక్కాయన జుట్టు పట్టుకుని వంగదీయాలనిపించింది.

అనుకున్నదే అయింది. యజమాని తన బంధువుల ఇంట పెళ్లికి వెళ్తే, పందిట్లో మైకులోంచి మా క్లారినెట్టు మోగింది. వియ్యాలవారు పగలబడి నవ్వి, "ఏటండీ, మీ హాలు పెళ్లికొచ్చీసింది?" అన్నారట. మర్నాడు పొద్దున్నే యజమాని జీపు వచ్చి ఆగిన తీరుకే అమ్మ చేతిలో గిన్నె వదిలేసింది. ఆయన అప్పటికే క్యాసెట్ల షాపువాణ్ని నిలదీశాడు. వాడు మైకుసెట్టువాణ్ని చూపించాడు, మైకుసెట్టువాడు పెళ్లికి క్యాసెట్టు తెచ్చినాయన్ని చూపించాడు. అందరూ కలిసి అసిస్టెంటు దగ్గర ఆగారు.

అసిస్టెంటు మంచివాడు. ఆ మాట ఇప్పుడూ అంటాను. హాలు ముందు అందరూ చూస్తుండగా యజమాని నోటికొచ్చినట్టు తిడుతుంటే తల వంచుకుని, "నానే సేసేనండి, తప్పయిపోయింది," అన్నాడు. నాన్న నోరు తెరవబోతే కళ్లతోనే వద్దన్నాడు. తర్వాత మా ఇంటికి వచ్చి, "బావా, నువ్వు మాటాడకు. నీకు పిల్లలున్నారు, ఇల్లుంది. మేవిద్దరం ఎక్కడైనా బతికేత్తాం," అన్నాడు. అమ్మ ఆయనకి దండం పెట్టింది. నాన్న ఆరోజంతా అన్నం ముట్టలేదు.

అసిస్టెంటు ఉద్యోగం పోయి ఉంటే నాన్న మర్నాడే వెళ్లి నిజం చెప్పేవాడు, అందులో నాకు అనుమానం లేదు. కానీ కథ ఇంకో దారి పట్టింది. యజమాని కోపం దిగాక ఆ టేపు మొత్తం పెట్టించుకుని విన్నాడట. విని, అసిస్టెంటుని పిలిచి, "దొంగెదవ్వే గానీ, సెయ్యి మంచిదిరా నీది. కొత్త బొమ్మొత్తంది. దాని పబ్లిసిటీకి ఇలాంటిదే ఇంకోటి సెయ్యి. ఆటోకి మైకు కట్టి ఊరంతా తిప్పుదాం," అన్నాడు.

అసిస్టెంటు ఎగురుకుంటూ వచ్చాడు. "బావా, గండం గట్టెక్కీసింది! ఇంక బయమే లేదు. కేబిన్‌లోనే కూకుని సేసుకో. నా పేరు మీద ఇచ్చీద్దాం. ఎవుడడుగుతాడు?"

అమ్మ వెంటనే దేవుడి పటం ముందు దీపం పెట్టింది. ఇల్లు నిలిచింది, ఉద్యోగం నిలిచింది, అసిస్టెంటు నిలిచాడు. టేప్‌రికార్డరుకి కూడా ఇకమీదట కడ్డీల పెట్టెలో దాక్కోవలసిన గతి లేదు. అందరూ బాగుపడిన రోజు అది. ఏడుపు మొహంతో ఉన్నది మేమిద్దరమే, నేనూ నాన్నా. సొమ్మొకడిది సోకొకడిదని నేను గొణిగితే అమ్మ నా నెత్తిన ఒక్కటి మొట్టింది.

నాన్న కొత్త టేపు మొదలుపెట్టాడు. పొద్దున్నే కూర్చునేవాడు, పాజ్ మీద వేలు పెట్టేవాడు, టేపు తిరిగిపోతుండేది, వేలు కదిలేది కాదు. లేచి వీధిలోకి వెళ్లేవాడు, వచ్చేవాడు. మంచినీళ్లు తాగి గ్లాసు ఎక్కడ పెట్టాడో మరిచిపోయేవాడు. నాలుగు రోజులకి ఒక్క ముక్క కూడా అతకలేదు. అటు అసిస్టెంటుని అప్పుడే జనం వచ్చి పలకరిస్తున్నారు. టీ బడ్డీవాడు ఆయనకి టీ ఊరికే ఇస్తున్నాడు. రికార్డింగ్ డాన్సులవాళ్లు ఆయన చుట్టూ తిరుగుతున్నారు. ఆయన ఇబ్బందిగా నవ్వుతున్నాడు, మొదట్లో. తర్వాత్తర్వాత మామూలుగానే నవ్వుతున్నాడు.

అమ్మే అడిగింది. "ఏటయింది నీకు? ఆడు నీకోసం తిట్లు తిన్నాడు. ఆ మాత్రం పేరు ఆడికి పోతే ఏటి?"

"ఆడి మీద నాకేటీ లేదే. ఆడు మంచోడు," అన్నాడు నాన్న. "గానీ ఈ ఒక్కటే కాదు. ఇకనుంచి నానేటి సేసినా అది ఆడిదే అవుద్ది. నానెంత బాగా సేత్తే ఆడు అంత గొప్పోడవుతాడు. మరి నానెవర్నే?"

"నువ్వా? ఇద్దరు పిల్లల తండ్రివి. మాటాడకుండా అన్నం తిను."

ఆయన తిన్నాడు. చెయ్యి కడుక్కున్నాడు. ఉతికిన చొక్కా వేసుకుని బయల్దేరాడు. అమ్మకి అర్థమైపోయింది. "ఎల్లవే గుంటా, ఎల్లి మీ నాన్నని ఆపు!" అని నన్ను తోసింది. నేను పరిగెత్తాను. ఆపడానికి మాత్రం కాదు. ఆ మాట అమ్మకి చెప్పలేదు.

టికెట్ల బుకింగు పక్కన ఉండేది యజమాని గది. మేట్నీకి ఇంకా టైముంది. లోపల యజమాని, మేనేజరు, ఏదో పనిమీద పిలిపించినట్టున్నారు, అసిస్టెంటు కూడా ఉన్నాడు. నేను గుమ్మం దగ్గర ఆగిపోయాను. నాన్న చేతులు కట్టుకుని చెప్పేశాడు.

"బాబూ, ఆ గుర్రాల పాట ఈడు సెయ్యలేదు. నాను సేసేను."

యజమాని తల పైకెత్తి చూశాడు. మేనేజరు చూశాడు. అసిస్టెంటు గోడవైపు చూశాడు. తర్వాత యజమాని నవ్వడం మొదలుపెట్టాడు. కోపం తెచ్చుకుని ఉంటే బాగుండేది. కడుపు పట్టుకుని నవ్వాడు.

"నువ్వేటయ్యా? నీ వయసేటి, ఆ పాటేటి? కుర్రోణ్ని కాపాడ్దామనొచ్చినావా? ఆణ్ని నానేటీ సెయ్యలేదు గదా. ఎల్లెల్లు, రీలు సూసుకో."

"కాదు బాబూ, నాదే."

"ఇరవయ్యేళ్లనుంచి సూత్తన్నాను. నోట్లో నాలిక లేదు నీకు. ఎల్లవయ్యా."

నాన్న కదల్లేదు. అసిస్టెంటు వైపు చూసి ఉంటే, అసిస్టెంటే నిజం చెప్పి ఉండేవాడేమో. చూడలేదు. చెప్పులు విప్పి గోడవారగా పెట్టాడు. పంచె ఎగగట్టాడు. నోటితో క్లారినెట్టు ఊదాడు, సన్నగా, తెర లేచేదాకా. తర్వాత రెండు అరచేతులతో తన గుండెల మీద డోలు మొదలుపెట్టాడు.

మా నాన్న ఎగరడం నేను చూసింది అప్పుడే. నాలుకతో డెక్కల చప్పుడు, అరచేతులతో డోలు, కాళ్లు ఆ రెండిటి మధ్యా. కొరడా దగ్గర ఒంటికాలి మీద గిర్రున తిరిగాడు. విలన్ నవ్వు సగం నవ్వి, మిగతా సగం గుండెల మీద వాయించాడు. హీరోయిన్ కేకకి గొంతు చీరుకుపోయినా ఆగలేదు. మా ఇంట్లో గట్టిగా దగ్గని మనిషి. టేపులో ఒక్క ముక్క వదల్లేదు, ముందువెనకలు కాలేదు. రైలు కూత దగ్గర వెనకబడిన డోలుని కూడా అలాగే వెనకబెట్టి వాయించాడు. నాకు ఏడుపొచ్చింది, నవ్వొచ్చింది, సిగ్గేసింది, నేనూ వెళ్లి పక్కన ఎగరాలనిపించింది. బల్ల కింద యజమాని చెప్పు నేల మీద తాళం వేస్తోంది, ఆయనకి తెలియకుండానే.

పాట అయిపోయిన చోట నాన్న ఆగిపోయాడు. చొక్కా గుండీ ఒకటి తెగి బల్ల మీద పడి ఉంది.

యజమాని చాలాసేపు ఆ మొహం వైపే చూశాడు. నవ్వు లేదిప్పుడు. "అయితే కేబిన్ తాళాలు నీ సేతిలో పెడితే, నువ్వే దొంగవన్నమాట. ఆడు నీకోసం అంతమందిలో తిట్లు తింటంటే సూత్తా నిలబడ్డావు. నా ఎదర."

"అవును బాబూ."

"పాట బాగుంది. అది ఏరే సంగతి." ఆయన మేనేజరు వైపు తిరిగాడు. "ఇయాల్టి మేట్నీ నుంచి తాళాలు కుర్రోడికిచ్చీ. ఇల్లు నెలాఖరుకి కాళీ సేయించు."

అసిస్టెంటు ఏదో అనబోయాడు. నాన్న ఆయన భుజం మీద చెయ్యి వేసి, వద్దన్నట్టు తలూపి, చెప్పులేసుకుని బయటికొచ్చాడు. పెద్దపెద్ద అంగలు వేస్తూ నడుస్తుంటే నేను పక్కనే పరిగెత్తాల్సి వచ్చింది. నాకు ఒకపక్క భయం. కాలేజీ ఫీజు, తమ్ముడి బడి, పోర్టు దగ్గర మావయ్య ఒంటిగది ఇల్లు, అన్నీ కళ్లముందు తిరుగుతున్నాయి. ఇంకోపక్క ఆ మనిషి నా తండ్రి అని దారిలో పోయేవాళ్లందర్నీ ఆపి చెప్పాలని ఉంది.

అమ్మ గుమ్మంలోనే నిలబడి ఉంది. చెమటతో తడిసిన చొక్కా, ఊడిన గుండీ, ఎర్రబడిన గుండెలు, అన్నీ చూసింది. పనిపోయిందని వేరే చెప్పనక్కర్లేకపోయింది. తిడుతుందని నేను ముందే ఆయనకి అడ్డంగా నిలబడ్డాను.

అమ్మ నన్ను పక్కకి తప్పించింది.

"నమ్మేడా?" అని అడిగింది.

"ముందు నమ్మలేదు," అన్నాడు నాన్న. "తరవాత నమ్మేడే."

అమ్మ ఆయన దగ్గరికొచ్చింది. చీర కొంగుతో ఆయన మొహం తుడిచింది. నా ముందు ఆవిడ అలాంటి పని ఎప్పుడూ చేయలేదు. తర్వాత లోపలికి వెళ్లి, స్టూలు ఎక్కి, అటక మీద గిన్నెలు ఒక్కొక్కటీ నా చేతికి దించడం మొదలుపెట్టింది.